సరిహద్దు అవతలి యాస

వార్సా టెలివిజన్ స్టూడియోలో నటుల దుస్తులు కుట్టే తెఫీలా యుఖ్నేవిచ్‌కు యాభై ఏళ్లు దాటాయి. యుద్ధం తర్వాత సరిహద్దు జరగడంతో ఆమె పుట్టిన సీమ అవతలి దేశంలో పడిపోయింది. రైలెక్కి ఇటు వచ్చేసిందే గాని, మాటను సాగదీసి పలికే అక్కడి యాసను మాత్రం వదల్లేదు.

1962 శీతాకాలంలో స్టూడియో వాళ్లు ఒక పాత కావ్యాన్ని ప్రసారానికి సిద్ధం చేస్తున్నారు. బడికెళ్లిన ప్రతివాళ్లకూ నోటికొచ్చే కావ్యం అది. కథంతా తెఫీలా సీమలోనే జరుగుతుంది. అందులో ఇంటి పెత్తనం చేసే ఆవిడ వేషం హల్ష్కాది. ఎనిమిది పాదాలు ఆరుసార్లు చెప్పినా దర్శకుడు గావ్లిక్‌కు నచ్చలేదు.

హల్ష్కా పావడా అంచు సరిచేస్తున్న తెఫీలా నోట్లోని గుండుసూదులు తీసింది.

"నువ్వు పలికితే ప్రాస ఎక్కడ కలుస్తోందే పిల్లా? రాసినాయన మావైపు మనిషి. మాలాగా పలుకు, అదే కలుస్తుంది."

"మీ పని సూదితో కదండీ?" అన్నాడు గావ్లిక్.

"సూది చేతిలో ఉంది బాబూ. చెవులు ఖాళీగానే ఉన్నాయి."

ఆ పాదాలు తనే చెప్పింది. ప్రాసలు తాళంలో తాళంచెవి తిరిగినట్టు కలిశాయి. గావ్లిక్ హల్ష్కా వైపు తిరిగి, "అలాగే పలుకు" అన్నాడు.

మర్నాడు పై అంతస్తు అధికారి దిగొచ్చాడు. "ఆ యాస వింటే జనానికి పోయిన ఊళ్లు గుర్తొస్తాయి. వద్దు."

గావ్లిక్ తలూపాడు. తెఫీలా ఊరుకోలేదు. "ఊళ్లు తీసుకున్నారు సరే. నా నోరు కూడా కావాలా?"

అధికారి మెట్లెక్కి వెళ్లిపోయాడు. హల్ష్కా మాత్రం ఆ వారమంతా దుస్తుల గదిలోనే భోంచేసింది.

"పిన్నిగారూ, ఇప్పుడు సరిగ్గా వచ్చిందా?"

"ఇంకా వార్సా వాసనొస్తోంది. మళ్లీ చెప్పు."

ప్రసారం రోజు అంతా ప్రత్యక్షంగా సాగుతోంది. హల్ష్కా కెమెరా ముందు నిలబడి ఆ ఎనిమిది పాదాలూ తెఫీలా పలికినట్టే పలికింది. వెంటనే గావ్లిక్ బల్ల మీది ఫోను మోగింది. ఎవరు చేశారో అతనికి తెలుసు. రిసీవరు ఎత్తి బల్ల మీద పడేసి, "కానివ్వండి" అన్నాడు.

వారంలో మూడు బస్తాల ఉత్తరాలొచ్చాయి. సరిహద్దు అవతల నుంచి తరలివచ్చినవాళ్లుండే గోజూవ్ నుంచి ఒకావిడ రాసింది: "ఆ పెట్టెలోంచి మా అమ్మ మాట్లాడింది. ఇంకెప్పుడు వేస్తారు?"

ఆ బస్తాలు చూశాక అధికారి మళ్లీ కిందికి దిగలేదు. రెండో భాగం సాధనకు నటులందరినీ గావ్లిక్ దుస్తుల గదికే తీసుకొచ్చాడు. తెఫీలా కత్తెర పక్కన పెట్టింది.

"ముందు ఆ బిగదీసుకున్న దవడలు వదలండి. తొందరపడేవాళ్లకు మా మాట రాదు."