పంజాబు బావికి ఏడ్చిన పాండురంగం

దిల్‌సుఖ్‌నగర్ వెనక కొత్తగా లేచిన కాలనీలో అసోసియేషన్ హాలు తెరిచిన ఆదివారం, మధ్యాహ్నం సినిమా వేశారు. పాటలూ ఫైటింగులూ లేని పంజాబీ సినిమా, అరగంటది. బ్యాంకు ఉద్యోగి వెంకట్రావు ఎక్కడినుంచో రీళ్లు తెచ్చి, తెర పక్కన నిలబడి కథ తెలుగులో చెబుతున్నాడు.

ఈ కాలనీ అంతా ఒకప్పుడు అండాలమ్మ అత్తవారి జొన్నచేలే. వాటిని ప్లాట్లు చేసి అమ్మిన ఆమె బావగారు పాండురంగం, ముఖ్య అతిథిగా మెడలో దండతో ఆమె పక్కనే కూర్చున్నాడు.

తెరమీద ఒక మనవరాలు, ఊళ్లోని పాతబావి నీళ్లు ఎవరూ ఎందుకు తాగరని నాయనమ్మను అడిగింది. ముసలిది చాలాసేపు రొట్టెలు కాల్చి, చివరికి నోరు విప్పింది. దేశం రెండు ముక్కలైన ఏడు, పరువు పేరు చెప్పి తన చెల్లెల్ని ఇంటి మగవాళ్లే అందులోకి తోశారట.

హాలంతా ముక్కులు ఎగబీల్చింది. పాండురంగం కండువాతో కళ్లొత్తుకున్నాడు.

"ఆడిపిల్లను బాయిల దొబ్బి నోర్మూసుకున్నరంటే, గాళ్లు మనుషులేనా?"

అండాలమ్మ అతనివైపు తిరిగింది. పుట్టింటివాళ్లు పసుపుకుంకాల కింద ఇచ్చిన రెండెకరాలు అమ్మే కాయితం మీద వేలిముద్ర వెయ్యనన్నదని, మొదటి భార్య ఈరమ్మను గొడ్డును బాదినట్లు బాదినవాడు ఈ మహానుభావుడే. ఆ తెల్లవారి ఆమె చేనుబావిలో తేలింది.

"మంచిగ ఏడుస్తున్నవ్ బావా! ఈరమ్మక్క పోయిన్నాడు ఒక్క సుక్కన్న రాల్చినవా?" అంది అండాలమ్మ, హాలంతా వినబడేలా.

"పిచ్చిలేసిందా నీకు? అది కాలుజారి పడ్డది."

"కాలు జారితె ఈపు మీద వాతలెట్లొచ్చినయ్? ఆఖరి తానం పోసింది నేనే."

వెంకట్రావు గబగబా లైట్లు వేశాడు. "ఇంటి విషయాలు ఇక్కడెందుకండీ? రండి, టీ చల్లారిపోతోంది."

పంజాబు ఆడదానికోసం కన్నీళ్లు కార్చిన పెద్దమనుషులంతా సమోసాల మీద పడ్డారు. అండాలమ్మ వైపు ఒక్కరూ చూడలేదు.

ఇంటికొచ్చాక కోడలు లలితకుమారి మెల్లగా అడిగింది. "మరి ఇన్నేండ్లు ఎందుకు చెప్పలేదత్తమ్మా?"

"మా బావ ఇంట్లకెల్లి ఎల్లగొడ్తడని. బువ్వ కోసం సప్పుడు జెయ్యలే. నాదీ ఒక బతుకేనా?"

మర్నాడు ఆమె ఎల్‌బీ నగర్‌లో బస్సెక్కి ఈరమ్మ తమ్ముడు బక్కయ్య ఊరికి వెళ్లింది. వాకిట్లోనే నిలబడి, ఆ వాతల సంగతి ఒక్కటీ దాచకుండా చెప్పింది.

బక్కయ్య తలెత్తలేదు.

"మాకు ఎర్కేనక్కా. ఎన్నటికన్న నువ్వొచ్చి చెప్తవని మా అమ్మ సచ్చేదాంక తొవ్వ సూసింది."