భర్త పేరు తెలియదని వ్రాసిన చేయి

అన్నం వార్చి, అత్తగారికి వడ్డించి, చేతులు తుడుచుకొన్న తరువాత నేను ప్రతిదినం చేయవలసిన పని మరొకటి ఉండేది. మా వారి ఇంగ్లీషు కాగితాలకు శుద్ధప్రతులు వ్రాయడం. 1937లో మార్కాపురంలో ఆయన పేరున్న వకీలు. గుమాస్తాను పెట్టుకోలేక కాదు, ఇంటర్మీడియేటు చదివిన భార్య ఇంట్లో ఉండగా గుమాస్తా ఎందుకని. మేజిస్ట్రేటులు నా దస్తూరిని మెచ్చుకొన్నారని కక్షిదారులకు చెప్పేటప్పుడు "మన దస్తూరి" అనేవారు. ఆ "మన"లో నా వాటా ఎంతో అడగాలని పెళ్లయిన ఆరేళ్లలో నాకు తోచలేదు. నేను గదిలో వ్రాస్తుంటే వసారాలోనుంచి అత్తగారి మాట వినిపించేది: "మా కోడలు దొరసాని. కలం పట్టుకుంటే పప్పు మాడినా ఎరగదు." పప్పు ఒక్కసారి మాడింది. మాట మాత్రం ఆమె ఉన్నన్నాళ్లూ నిలిచింది.

ఆ సెప్టెంబరులో దోర్నాల దారిలోని ఒక పల్లెనుంచి లింగయ్య అనే గొర్రెల కాపరి తన భార్య మాలకొండమ్మను బండిలో తీసుకొని మా ఇంటికి వచ్చాడు. వారి బిడ్డ పుట్టిన పన్నెండవ దినాన పోయింది. నాటినుంచి ఆమె పొయ్యి ముట్టించలేదు, పాలు పితకలేదు, దొడ్డి ఊడ్వలేదు. అత్త జుట్టు పట్టి లాగినా కూర్చున్న చోటినుంచి లేవలేదు.

"నలభై జీవాలు ఉండాయి సామీ. పని చేసే మనిషి లేకుండా ఎట్ల సాకేది?" అన్నాడు లింగయ్య. "దీన్ని మదరాసు పిచ్చాసుపత్రికి పంపించినారంటే నేను ఇంకోదాన్ని తెచ్చుకుంటా."

అతడు అబద్ధమాడలేదు. ఆ నిజాయితీకే నా ఒళ్లు మండింది. పశువుకు కాలు విరిగితే కట్టు కడతారు. మనిషి దుఃఖంతో కూలబడితే మారకానికి పెడతారా?

చట్టం చాలా స్పష్టంగా ఉన్నది. భర్త అర్జీ పెట్టుకోవాలి. ఇద్దరు వైద్యులు వేర్వేరుగా పరీక్షించి పత్రాలు ఇవ్వాలి. మేజిస్ట్రేటు ఉత్తరువు చేయాలి. మా వారు లింగయ్యకు దానిని ఇలా విడమరిచారు: "నాలుగు సంతకాలు. గొర్రెను అమ్మడం ఇంతకంటే కష్టం."

మరునాడు మొదటి డాక్టరు మా వరండాలోనే ఆమెను పరీక్షించాడు. మా వారూ లింగయ్యా ప్రక్కనే కూర్చున్నారు. నేను కిటికీ వెనుక ఉన్నాను.

"ఈ దినం తారీఖెంత?" అని అడిగాడు.

"తారీకులు నాకేం ఎరక సామీ. పుబ్బ కార్తె పోయి ఉత్తర వచ్చి నాలుగు దినాలాయె."

"నీ మొగుడి పేరేమిటి?"

మాలకొండమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకొని నవ్వింది. బిడ్డ పోయిన తరువాత అదే మొదటి నవ్వు అని లింగయ్య అక్కడే అన్నాడు.

"నవ్వు కాదు, పేరు చెప్పు."

"ఎట్ల చెప్పేది సామీ? సిరిశైలం పోయి అందురూ నీళ్లు పోసి మొక్కుతారే, ఆయనే."

"నీ బిడ్డ ఎందుకు పోయింది?"

"నువ్వే చెప్పాల. డాకటేరువి గదా."

ఆ సాయంత్రం డాక్టరు పత్రం శుద్ధప్రతి కోసం నా బల్లమీదికి వచ్చింది. "వైద్యుడు స్వయంగా గమనించిన అంశాలు" అన్న శీర్షిక క్రింద ఇలా ఉన్నది. తేదీ తెలియదు. అకారణంగా నవ్వుతుంది. భర్త పేరు తెలియదు. శ్రీశైలంలోని దేవుడే తన భర్త అని నమ్ముతున్నది. వైద్యుని ఎదిరించి మాట్లాడుతుంది.

నా కలం ఆగిపోయింది. ఆ వరండాలో కూర్చున్న ముగ్గురు పురుషులలో ఏ ఒక్కరి భార్యా ఏనాడూ భర్త పేరు పలికి ఎరుగదు. పలికితే ఆయుష్షు తరుగుతుందని వారి తల్లులే నేర్పారు. ఆ మర్యాదను మామీద మోపినవారే ఫారం చేతికి రాగానే దానిని ఎన్నడూ విననివారయ్యారు. ఆ డాక్టరు నన్ను అదే ప్రశ్న అడిగి ఉంటే నేనూ తల వంచుకొని ఉందును. నేనూ మదరాసు బండి ఎక్కి ఉందును. మాలకొండమ్మకు జబ్బు లేదని నేను ఆనాడూ అనలేదు, ఈనాడూ అనను. రొమ్మున పాలు గడ్డకట్టి జ్వరంతో వణుకుతున్న ఆ మనిషికి వైద్యం కావాలి. ఆమె చేయి పట్టుకొని చూసినవాడు ఒక్కడూ లేడు.

"ఆమె పేరు చెప్పిందండీ. శ్రీశైలంలో నీళ్లు పోసేది లింగానికే గదా. మన ఆడవాళ్లందరూ చెప్పినట్లే చెప్పింది," అన్నాను మా వారితో.

"మన ఆడవాళ్లకని ఫారంలో వేరే గడి లేదు."

"రెండవ డాక్టరుగారు ఎప్పుడు చూస్తారు?"

"చూడడమెందుకు? ఇదే చూసి సంతకం చేస్తారు. మాటలు కొంచెం మార్చి ఇంకొకటి వ్రాయి. అక్షరాలు నీవి, అర్థం నాది. నీ హద్దులో నీవు ఉండు."

వ్రాశాను. ఇది దాచను. మాటలు కొంచెం మార్చి, చక్కని దస్తూరితో, రెండవ పత్రం కూడా నేనే వ్రాశాను.

మూడవ దినాన విచారణ. మా వారు వెళ్లిన గడియకు నేను జట్కా పిలిపించాను. అత్తగారు గుమ్మానికి అడ్డంగా నిలిచి, "ఒంటిగా ఎక్కడికి పోతావు? మతి గాని పోయిందా?" అన్నారు. ఆ మాట ఎంత సులభంగా నోటికి వస్తుందో తలచుకొంటూ ఆమె ప్రక్కనుంచి బండి ఎక్కాను.

మేజిస్ట్రేటు ఇంగ్లీషు దొర. మీరెవరని అడిగారు.

"ఆ రెండు పత్రాలూ వ్రాసినదాన్ని," అన్నాను ఇంగ్లీషులోనే. "రెండవ వైద్యుడు ఈమెను చూడలేదు. మొదటి వైద్యుడు చూశాడు గాని వినలేదు." తరువాత మా ఆచారం ఏమిటో చెప్పాను. మా వారు నాలుగడుగుల దూరంలో నిలిచి కాగితాలు సర్దుకొంటున్నారు.

దొర దుబాసీ ద్వారా లింగయ్యను అడిగారు. "నీ భార్య ఎప్పుడైనా నీ పేరు పలికిందా?"

లింగయ్యకు రోషం వచ్చింది. "ఎందుకు పలుకుతాది దొరా? మర్యాదస్తుల బిడ్డ గదా."

అర్జీ కొట్టివేయబడింది. భార్యను ఇంటికి తీసుకొని పొమ్మన్నారు. చట్టం ఎరిగిన చోట్లు రెండే: పిచ్చాసుపత్రి, వంటిల్లు. ఒకటి తప్పిందంటే రెండవదే.

"పామూరులో మా అన్న ఉండాడు. ఆడికి పోతా," అన్నది మాలకొండమ్మ కచేరీ మెట్లమీద కూర్చొని.

"జీవాలెవురు చూస్తారు?" అన్నాడు లింగయ్య.

"నీకు కాళ్లు లేవా?"

అతడు బండి కట్టడానికి పోయినప్పుడు ఆమె నావైపు తిరిగింది. "ఎవురమ్మా నువ్వు? నా తట్టున మాట్లాడితివి."

"నీవు పిచ్చిదానివని కాగితం వ్రాసింది నేనే."

ఆమె నన్ను చాలాసేపు చూసింది. ఆ చూపులో ఏ పిచ్చీ లేదు. ఉంటే నాకు తేలికగా ఉండేది.

"చదువుకున్నట్టుండావే."

"అవును."

"అయితే ఇంక రాయబాక."

వ్రాయనన్నాను. మా వారు నన్ను ఒక్క శుద్ధప్రతి వ్రాసిపెట్టమని పద్దెనిమిదేళ్లు అడిగారు.