కుర్చీ చేతి మీది మొండి

నేను కుర్చీలకు బెరడు ఒలవను. అడవినిమ్మ కొమ్మలను పెరిగినవి పెరిగినట్టే వంచి కడతాను. విరిగిన చిరుకొమ్మ మొండి ఎక్కడైనా చేతికి పట్టు దొరికేలా ఉంటే దాన్నీ ఉంచేస్తాను.

అత్తయ్యకు చేసిన కుర్చీలో కుడిచేతి మీద అలాంటి మొండి ఒకటి ఉంచాను. ఆమె మోకాళ్లు అరిగిపోయాయి. ఏదో ఒకటి పట్టుకుంటే గాని లేవలేదు. నా పెళ్లినాడు ఇస్తానన్న కుర్చీ అది.

నూనె రాస్తుంటే మొండి అటూ ఇటూ ఊగింది.

మా ఆవిడ వంగి చూసింది. "మొండి కాదయ్యా, సీతాకోకచిలుక గూడు. అదిగో, నడుముకు దారం కూడా కట్టుకుంది."

నిజమే. చెట్టెక్కేవాడు బిగించుకునే తాడులా సన్నటి పట్టుదారం. రంగూ గరుకూ అచ్చం బెరడే.

"కత్తితో తీసి గోడకు పెడతా."

"దారం తెగితే పడి చస్తుంది," అంది అత్తయ్య మంచం మీంచి. "పాతికేళ్లు ఆగినదాన్ని, వానలదాకా ఆగలేనా అల్లుడూ? నువ్వు మాట నిలుపుకునేలోపే, తొలివానకి అదే బయటికొస్తుందిలే."

మా ఆవిడ నవ్వాపుకోలేక అటు తిరిగింది.

అత్తయ్యకు తిండి తగ్గింది. వానలదాకా ఉంటుందో లేదోనని నా భయం. కుర్చీ తెచ్చి ఆమె మంచం పక్కన, కిటికీ దగ్గర పెట్టాను. మధ్యాహ్నాలు సగం నిద్రలో చిన్నప్పుడు అడవినిమ్మ మీద చూసిన పురుగుల సంగతి చెప్పేది. పసివి పిట్టరెట్టలా ఉండేవట. పెరిగాక ఆకులా పచ్చబడి, ముట్టుకుంటే తలలోంచి నారింజ కొమ్ములు తీసి కంపు కొట్టేవట. వింటూ వింటూ నాకూ కునుకు పట్టేది. గదిలోకి చెట్ల నీడ వచ్చి కూర్చునేది. గోడలు ఎక్కడున్నాయో తెలిసేది కాదు.

ఎండలు ముదిరాయి. మొండి మళ్లీ కదల్లేదు.

"చచ్చిందేమో అత్తయ్యా. తీసేస్తాను, కూర్చోండి."

"నేనూ రోజంతా కదలను. నన్నూ తీసేస్తావా?"

కత్తి మడిచి జేబులో పెట్టుకున్నాను.

తొలివాన పడ్డాక మొండి నల్లబడింది. మర్నాడు పొద్దున్నే దాని వీపు పగిలింది. తడిగుడ్డ పేలికలాంటిదేదో పాక్కుంటూ వచ్చి కుర్చీ వెన్ను పట్టుకుని వేలాడింది. రెక్కలు మెల్లగా జారి విచ్చుకున్నాయి. నలుపు మీద పచ్చటి పొడి చల్లినట్టుంది, అడుగున రెండు తోకలు. బెరడు మీద ఒక ఎర్రటి చుక్క రాల్చి, ఎండపొడ తగిలేదాకా ఆగి, కిటికీ దాటి చెట్ల నీడల్లోకి తూలుతూ పోయింది.

అత్తయ్య చెయ్యి చాచింది. నేనూ మా ఆవిడా పట్టుకుని కుర్చీలో కూర్చోబెట్టాం. ఆమె వేళ్లు మొండి కోసం తడిమాయి. ఖాళీ గూడు పెళుసుగా నలిగింది.

"ఇప్పుడు దేన్ని పట్టుకుని లేవను అల్లుడూ?"

నా మణికట్టు అక్కడ పెట్టాను.