పెదాల మీద నాటకం

థెల్మా గార్‌సైడ్ మొహం దేశంలో సగం మందికి తెలుసు. పేరు మాత్రం ఎవరికీ తెలియదు. ఇరవై ఏళ్లుగా టీవీలోనూ సినిమాల్లోనూ ఆమె నర్సు, పనిమనిషి, లేదా పక్కింటావిడ. సొంతూరు బర్న్‌లీలో బస్సెక్కితే, "మీరు మాంసం కొట్లో ఉండేవారు కదూ?" అని అడిగేవారు.

తల్లి పోయాక ఆమెను పెంచింది అక్క ఎడ్నా. నేత మిల్లులో మగ్గాల హోరుకి చెవులు పోగొట్టుకుంటూ, చెల్లెల్ని లండన్‌లో నటన నేర్పే బడికి పంపింది. మిల్లు ఆడవాళ్లందరిలాగే ఎడ్నా కూడా పెదాల కదలికను బట్టే మాటలు పట్టుకునేది.

నలభై ఆరో ఏట థెల్మాకి ఒక టీవీ నాటకంలో ప్రధాన పాత్ర దొరికింది. జైలు నుంచి వచ్చిన మొగుణ్ణి గడప తొక్కనివ్వని ఇల్లాలు. అది ప్రసారమైన రోజు ఎడ్నా ఊపిరితిత్తుల జబ్బుతో ఆసుపత్రిలో ఉంది.

"మళ్లీ వేస్తార్లే అక్కా, అప్పుడు చూద్దువు" అంది థెల్మా.

మళ్లీ ఎప్పుడు వేస్తారో కనుక్కుందామని కొన్నాళ్లకి స్టూడియోకి ఫోన్ చేసింది. "ఆ టేపు చెరిపేశామండీ. టేపులు ఖరీదు కదా, దాని మీద ఫుట్‌బాల్ ఆట ఎక్కించాం" అన్నాడు అవతలి మనిషి మామూలుగా.

ఆ మధ్యాహ్నమే రైలెక్కి ఆసుపత్రికి వెళ్లింది. విషయం చెప్పింది. "అయితే నువ్వే ఆడు" అంది ఎడ్నా.

"ఇక్కడా? పక్కవాళ్లు నిద్రపోతున్నారే?"

"నాకు గొంతుతో పనేంటే?"

థెల్మా కోటు విప్పి మంచం కాళ్ల దగ్గర నిలబడింది. చప్పుడు లేకుండా, పెదాలతోనే నాటకమంతా ఆడింది. ఎడ్నా రెప్ప వేయలేదు. చివర తలుపు మూసే చోట పక్క మంచం మీద ముసలావిడ ముక్కు చీదుకుంది. ఆవిడా మిల్లు మనిషే.

"ఆ వెధవని రానివ్వకుండా మంచి పని చేశావమ్మా" అందావిడ.

"అక్కడా ఇంత బాగా చేశావా?" అంది ఎడ్నా.

"లేదక్కా. అక్కడ భయపడ్డాను."

ఎడ్నా చెల్లెలి చెయ్యి పట్టుకుని, అలాగే నిద్రలోకి జారింది. వారం తిరక్కుండానే పోయింది.

అంత్యక్రియలు ముగిశాక థెల్మా లండన్ వెళ్లి, ఒక సినిమాలో సత్రం వంటమనిషి వేషం వేసింది. ఆ తర్వాత పదకొండేళ్లు నటించింది. పెద్ద పాత్ర మళ్లీ రాలేదు. ఒక్కో రోజు అద్దం ముందు మేకప్ తుడుచుకుంటూ, ఆ ఇల్లాలి మాటలు పెదాలతో అనుకునేది. ఆ పెదాలు చదివేవాళ్లు ఎవరూ లేరు.