ఐదు కాయితాల జీపు

జీపు ధర రెండున్నర వేలని తెలిసినప్పుడు ఇస్తారి ముఖంలో ఏ మార్పూ లేదు గానీ, ఆ ధర మీద ఇంకా ఎన్ని పన్నులు, ఎన్ని ఫీజులు, ఎన్ని కాగితాలు ఉన్నాయో తెలిసినప్పుడు మాత్రం అతని ముఖం వెలిగిపోయింది.

ఆదిలాబాద్ మోటార్ల ఆఫీసు ముందు రేకుల పందిరి కింద చిన్న బల్ల వేసుకుని అర్జీలు రాసే లింగమూర్తి ఆ వెలుగు చూసి కంగారు పడ్డాడు. ఇన్నేళ్ళుగా బండి కొన్నవాళ్ళు ఆయన దగ్గరికి వస్తూనే ఉన్నారు, ఖర్చులు వింటారు, తల పట్టుకుంటారు, సర్కారును తిడతారు, సర్కారు ఎదురుగా లేదు కాబట్టి లింగమూర్తినే తిడతారు. విని నవ్విన మనిషి ఇతనొక్కడే.

"వారీ ఇస్తారీ, సమజైందా నీకు? మల్ల జెప్త ఇను," అన్నాడు లింగమూర్తి కలం చెవిలో దోపుకుని. "బండి ధర బండోనికి. గది వేరే. గిప్పుడు జెప్పేది సర్కారుది. నువ్వు కొనే బండి కిన్వట్ల ఉన్నది. కిన్వట్ మొన్నటిదాంక మన జిల్లానే, గిప్పుడు బొంబాయి రాష్ట్రం. అంటే నీ బండి పరాయి రాష్ట్రం నుంచి వస్తున్నట్టు లెక్క. ఒకటి, రిజిస్ట్రేషన్ బుక్కు. రెండు, అమ్మినోడు దస్కతు జేసిన ఫారం, దానికి ఫీజు. మూడు, ఆడ పన్ను కట్టిన రసీదు. అది లేకుంటే వాని పాత బాకీ నీ నెత్తి మీద వడ్తది. నాలుగు, ఇన్సూరెన్సు కాయితం. ఐదు, బండి ఈడికి తీస్కపోతె మాకు ఎతరాజు లేదని, అడ్డం జెప్పమని ఆడి ఆఫీసోల్లు రాసిచ్చేది. గివన్ని తెస్తె ఈడ కొత్త నంబరు, దానికో ఫీజు. ఆపైన రోడ్డు పన్ను, మూణ్ణెల్లకోపారి."

"ఐదిటికి ఆ అమ్మినాయన ఇంటికే పోవాల్నా పంతులూ?"

"పోవాలె. ఒక్కపాలి పొయ్యి ఐదు తెచ్చుకో, పనైపోతది."

"ఐదు," అన్నాడు ఇస్తారి వేళ్ళు ముడుచుకుంటూ. "ఐదు ఐతారాలు."

"ఐతారాలు గాదు వారీ, కాయితాలు! నీకేమన్న తలకు ఎండ తాకిందా?"

ఎండ కాదు. ఆ జీపు అమ్మేవాడు కిన్వట్‌లో కలప డిపో నడిపే రాయమల్లు. రాయమల్లు ఇస్తారికి సొంత బావ, అక్క సమ్మవ్వ భర్త. ఆ ఇంటి గడప తొక్కి ఇస్తారికి రెండేళ్ళు కావస్తోంది.

ఇస్తారి చిన్నప్పుడే తండ్రి పోయాడు. తల్లి జిన్నింగు మిల్లులో పత్తి మోసేది, పొద్దంతా ఇస్తారిని చంకనేసుకుని తిరిగింది అక్కే. సాయంత్రం మిల్లు గేటు దగ్గర పత్తి కుప్పల మీద దొర్లి వచ్చేవాడు, తలంతా తెల్లగా పత్తి నూగు, అప్పుడు అక్క వాణ్ణి మోకాళ్ళ మధ్య కూర్చోబెట్టుకుని ఒక్కొక్క పోగే ఏరేది. పెద్దయ్యాక అదే మిల్లు సేటుకు జీపు డ్రైవరయ్యాడు, నూగు ఇప్పటికీ తలలో అలాగే చిక్కుకుంటుంది, ఏరేవాళ్ళే లేరు.

రెండేళ్ళ కిందటి శ్రావణంలో తల్లికి జబ్బు ముదిరింది. ఇస్తారి కిన్వట్‌కు తంతి కొట్టాడు. పెన్‌గంగ పొంగింది, రైలు ఆగిపోయింది. రాత్రి తల్లి పోయింది. మర్నాడు మధ్యాహ్నం దాకా ఆగాడు, వాన ఆగలేదు, కులపోళ్ళు తొందర చేశారు, ఇక ఆగలేక నిప్పు పెట్టాడు. దీపాలు పెట్టే వేళకు రైలొచ్చింది. స్టేషన్ నుంచి తడిసిన చీరతో పరిగెత్తుకొచ్చిన సమ్మవ్వకు వాకిట్లో తల్లిని పడుకోబెట్టిన చోటు మాత్రమే కనిపించింది. ఆమె ఏడవలేదు, ఏమీ అనలేదు. అన్నది రాయమల్లు.

"నా పెండ్లాన్ని తల్లి మొకం సూడనియ్యకపోతివి. ఇయ్యాల్టి సంది మీ ఇంటికి మేం రాం. మా ఇంటికి నువ్వు సుట్టమై రావద్దు."

మరుసటేడు హైదరాబాద్ రాష్ట్రాన్ని ముక్కలు చేసి, కిన్వట్‌ను అటు, ఆదిలాబాద్‌ను ఇటు పంచారు. బావ గీసిన గీత మీదే సర్కారు కూడా గీత గీసిందని ఇస్తారి ఎన్ని రాత్రులు అనుకున్నాడో! అలాంటిది ఓ పత్తి దళారి, రాయమల్లు జీపు అమ్ముతున్నాడట అని నోరు జారేసరికి అతనికి నిద్ర పట్టలేదు. బావ చుట్టమై రావద్దన్నాడు, బేరానికి రావద్దనలేదు కదా! ఉట్నూర్ వారపు అంగళ్ళకు కిరాయి తిప్పడానికి ఆదిలాబాద్‌లోనే అంతకన్నా మంచి జీపు రెండు వేలకు దొరుకుతుంది. తోటి డ్రైవర్లు నవ్వారు. "గా డొక్కు కోసం నది దాటి పోతవా? దొబ్బుకుంట తెచ్చుకోవాలె!" అన్నారు. దాటి పోయాడు.

మార్చి మొదటి ఐతారం, మిల్లుకు సెలవున్న ఆదివారం, రైలు దిగి, రాయమల్లు వాకిట్లో నిలబడి, బావా అనబోయి నాలుక కరుచుకున్నాడు.

"సేటూ, జీపు అమ్ముతున్నరట."

రాయమల్లు అరుగు మీద పోకచెక్కలు కత్తిరిస్తున్నాడు. అడకత్తెర ఆపి చూశాడు. ఆయన పెళ్ళిలో, పీట మీద కూర్చున్నవాడి కండువాను పందిరి గుంజకు కట్టేసి లేచేటప్పుడు పడేసిన బామ్మర్ది ఇతనే. ఆ రోజుల్లో రాయమల్లు ఇతన్ని ఒరే అనకుండా ఒక్క మాట మాట్లాడేవాడు కాదు.

"అమ్ముతున్న. కూసోండ్రి," అన్నాడు రాయమల్లు.

ఆ 'కూసోండ్రి' ఇస్తారికి రాయి తగిలినట్టు తగిలింది. అయినా బల్ల మీద కూర్చున్నాడు. లోపలి నుంచి సమ్మవ్వ చెంబుతో నీళ్ళు తెచ్చి బల్ల ఆ చివర పెట్టింది, పరాయివాళ్ళకు పెట్టినట్టు, తలెత్తకుండా. పాదాలకు వెండి కడియాలు అవే, నడక కొంచెం బరువెక్కింది. ఇస్తారి ఆ నీళ్ళు ఎంత మెల్లగా తాగాడంటే, రాయమల్లు రెండుసార్లు దగ్గాల్సొచ్చింది.

బేరం ఆడలేదు. కొంత డబ్బు ముందుగా బజానా ఇచ్చి బుక్కు ఒక్కటే అడిగాడు.

"పన్ను రసీదు, ఇన్సూరెన్సు?" అన్నాడు రాయమల్లు.

"అవి అవసరం లేదన్నరు సేటూ."

రాయమల్లు కనుబొమ్మలు పైకి లేచాయి.

రెండో ఐతారం: "ఫారం మీద మీ దస్కతు గావాలెనట." చెంబు బదులు చాయ్ వచ్చింది. రాయమల్లు సంతకం పెడుతూ, "పోయిన వారమే తెస్తే అప్పుడే జేస్తుంటి గదా," అన్నాడు. "యాది మరిచిన సేటూ," అన్నాడు ఇస్తారి.

మూడో ఐతారం: "పన్ను రసీదు గూడ గావాలెనట. మార్చి ఆఖరుదాంక కట్టినట్టు."

"మీ దిక్కు సర్కారు వారానికో కాయితం అడుగుతున్నట్టుంది!"

"ఏం జెప్పాలె సేటూ, ఒకటే పరేషాన్ జేస్తుండ్రు," అన్నాడు ఇస్తారి, పరేషాన్ అన్న ముఖం కాదది. ఆ రోజు చాయ్ పక్కన జొన్న రొట్టె, దాని మీద ముద్దగా పుంటికూర వచ్చింది. బండి కొనడానికి వచ్చినవాళ్ళకు ఎవరైనా పుంటికూర పెడతారా? ఎండుమిరపకాయ ఎక్కువేసి, వెల్లుల్లి నల్లగా మాడేదాకా వేయించి, తల్లి చేసినట్టే. రాయమల్లు ప్లేటు చూశాడు, పెళ్ళాన్ని చూశాడు, తర్వాత డిపోలో ఏదో పనున్నట్టు లేచి వెళ్ళిపోయాడు.

నాలుగో ఐతారం రాయమల్లు ఇంట్లో లేడు. ఇన్సూరెన్సు కాగితం బల్ల మీద పోకచెక్కల డబ్బా కింద పెట్టి ఉంది. తీసుకుని వెళ్ళిపోవచ్చు. ఇస్తారి కూర్చున్నాడు. సమ్మవ్వ గడపకు అవతల, లోపలి వైపు కూర్చుంది, చేటలో కందిపప్పు పోసుకుని, రాళ్ళు లేని పప్పులో రాళ్ళు వెతుకుతూ.

"అవ్వ ఆఖరికి ఏమన్న అన్నదా?" అంది, చేటతోనే మాట్లాడుతున్నట్టు.

రెండేళ్ళుగా ఎవరూ అడగని ప్రశ్న. ఇస్తారి గడప వైపు జరిగాడు.

"రైలొచ్చిందా అని అడిగింది. రాలే. వచ్చిందన్న. అక్క టేసన్ల దిగింది, దారిల ఉన్నదన్న. గప్పుడు కండ్లు మూసింది."

పప్పు మీద చేతులు ఆగిపోయాయి.

"అవ్వకు వచ్చిన్నని జెప్పినోనివి, వచ్చేదాంక ఎందుకాగకపోతివి?"

వాన సంగతి చెప్పొచ్చు, కులపోళ్ళ సంగతి చెప్పొచ్చు. రైల్లో వచ్చేటప్పుడల్లా ఆ మాటలే వల్లెవేసుకున్నాడు. తీరా ఆమె అడిగేసరికి అవన్నీ నోట్లోంచి రాలేదు.

"ఇంకో ఆరు గంటలు ఆగితె అయిపోతుండె అక్కా. ఆగలే. నాదే తప్పు."

సమ్మవ్వ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. లేచి లోపలికి వెళ్ళింది, మళ్ళీ రాలేదు. రైలు కూతేసేదాకా ఇస్తారి ఆ బల్ల మీదే కూర్చున్నాడు.

ఐదో ఐతారం, మార్చి ముప్పై ఒకటి. మిగిలింది ఒక్కటే కాగితం, ఎతరాజు లేదన్నది. దాని కోసం ఆఫీసు చుట్టూ నెలల తరబడి తిరగాల్సి వస్తుందని డ్రైవర్లు భయపెట్టారు, ఇస్తారి ఆ నెలల మీదే ఆశ పెట్టుకున్నాడు. మిగతా డబ్బు ఇచ్చేసి, గొంతు సవరించుకుని, "సేటూ, ఆ ఆఫీసుల అర్జీ వెట్టాలెనట, అది ఎప్పటికొస్తదో ఏమో..." అని మొదలుపెట్టాడో లేదో, రాయమల్లు డ్రాయరు లాగి మడత కాగితం తీసి అతని చేతిలో పెట్టాడు.

"వచ్చింది."

ఇస్తారి మడత విప్పాడు. సీలుంది, సంతకముంది, తారీఖుంది. మార్చి ఆరు. అంటే మొదటి ఐతారం తర్వాత మూడో రోజుకే ఈ కాగితం ఈ డ్రాయర్లో ఉంది. రెండు ఐతారాలు పక్కన పోకచెక్కలు కత్తిరిస్తూ కూర్చుని, ఈ మనిషి ఒక్క మాట అనలేదు! ఇస్తారి తలెత్తి చూస్తే రాయమల్లు అప్పుడే మరో పోకచెక్క తీసుకుని దాని నాణ్యం పరీక్షిస్తున్నాడు.

ఇంక ఏమీ మిగల్లేదు. జీపు వాకిట్లో నిలబడి ఉంది, ముందు పాత హైదరాబాద్ నంబరు, ఆ రాష్ట్రమే లేదు, నంబరు మాత్రం ఉంది. సమ్మవ్వ పసుపు కుంకుమ తెచ్చి బానెట్‌కు బొట్లు పెట్టింది, చక్రం కింద నిమ్మకాయ పెట్టింది. ఇస్తారి బండెక్కి, తాళం తిప్పాడు. మొదటిసారికే స్టార్టయింది. ఇన్నాళ్ళూ అందరూ డొక్కు అన్నారు, ఇవాళైనా మొరాయించొచ్చు కదా!

సమ్మవ్వ తలుపు రేకు పట్టుకుని నిలబడింది.

"ఇంకేం పన్నుల్లేవా తమ్మీ?"

రెండేళ్ళ తర్వాత తమ్మీ. ఇస్తారి స్టీరింగు గట్టిగా పట్టుకున్నాడు.

"రోడ్డు పన్నుంటది అక్కా. మూణ్ణెల్లకోపారి."

"దానికి మీ బావ దస్కతు వడ్తదా?"

పడదు. రేపు కొత్త నంబరు వచ్చాక బండి ఇస్తారిది, పన్ను ఇస్తారిది, ఆదిలాబాద్ ఆఫీసు కిటికీలో కట్టేస్తే అయిపోతుంది, రాయమల్లు పేరుతో దానికి ఏ సంబంధమూ లేదు. ఇతరులనైతే ఎవరినైనా నమ్మించొచ్చు గానీ, అరుగు మీద కూర్చున్న మనిషి ఇప్పటికి మూడు బండ్లు కొని అమ్మినవాడు. తల్లికి చెప్పిన అబద్ధం ఒకటి గుండెలో అలాగే ఉంది, అక్కకు ఇంకొకటి చెప్పడానికి నోరు రాలేదు. ఇంజను అలా నడుస్తూనే ఉంది. సమ్మవ్వ అతని ముఖం చూస్తోంది.

"వడ్తది," అన్నాడు రాయమల్లు అరుగు మీద నుంచి.

ఇద్దరూ అటు తిరిగారు. ఆయన తల ఎత్తలేదు, అడకత్తెర ఆపలేదు.

"అమ్మినోని దస్కతు లేకుంటె తీస్కుంటరా? నాకెర్కలేదా? మూణ్ణెల్లకోపారి పుస్తకం వట్టుకుని రావాలె." ముక్కలు డబ్బాలో వేసుకుంటూ, "ఐతారమైతె నేను ఇంట్లనే ఉంట. తిని పోవచ్చు," అన్నాడు. ఆ చివరి మాట ఎవరితో అన్నాడో, ఇస్తారితోనో పోకచెక్కతోనో తెలియకుండా అన్నాడు.

సమ్మవ్వ చెయ్యి చాచి ఇస్తారి తలలోంచి పత్తి నూగు ఒక పోగు తీసింది. ఇంకొకటి తీసింది. మూడోది చెవి వెనక ఎక్కడో చిక్కుకుంది, దాన్ని తీయడానికి ఆమెకు చాలాసేపు పట్టింది, ఇంజను అంతసేపూ పెట్రోలు తాగుతూనే ఉంది.

నీళ్ళు తగ్గిన పెన్‌గంగ రేవులో జీపు ఇసుక మీదుగా ఇవతలికి ఎక్కాక ఇస్తారి బండి ఆపాడు. వెనక్కి చూశాడు, కిన్వట్ కనిపించలేదు, వేడి గాలి మాత్రమే. సీటు మీద ఐదు కాగితాలు ఎగిరిపోకుండా పానా బరువు పెట్టి, వేళ్ళు ముడిచి లెక్కపెట్టడం మొదలుపెట్టాడు. రేపటి నుంచి ఏప్రిల్, తర్వాత మే, తర్వాత జూన్. ఏప్రిల్‌కు ముప్పై రోజులు, జూన్‌కు ముప్పై రోజులు, సరే. మే నెలకు మాత్రం ముప్పై ఒక్క రోజులు ఎందుకుండాలో అతనికి ఎంత ఆలోచించినా అర్థం కాలేదు.