గోడ సగంలో ఆపిన పాఠం

ముసురు పట్టిందంటే చాలు, ఆ బడిలో సైన్సు గది గోడ పాత పాఠాలు అప్పజెప్పేది. చెమ్మెక్కిన సున్నంలోంచి ఏనాటివో టీచర్ల గొంతులు వచ్చేవి. "కాస్త మెల్లగా!" అని గోడను కసిరి, సైన్సు టీచరు తన పాఠం తను చెప్పుకునేది.

ఆ రోజు యుక్తవయసు పాఠం వంతు. "ఇది ఇంట్లో మీరే చదువుకోండి," అంటూ ఆవిడ పేజీలు తిప్పేసింది. ఆవిడ చిన్నప్పుడూ ఇలాగే తిప్పేశారు. ఇంట్లో అడిగితే నోరుమూసుకోమనడం అప్పుడూ ఉంది, ఇప్పుడూ ఉంది.

రెండో బెంచీలో బుడంకాయ తన కాంపాస్ బాక్సు తీసి స్నేహితురాలి ఒళ్లో పెట్టింది. క్లాసులో అందరికన్నా పొట్టిపిల్ల, అందుకే ఆ పేరు.

"ఉంచుకోవే. నాకింక అక్కర్లేదు."

"ఏం, బడి మానేస్తున్నావా?"

"చచ్చిపోతున్నా. పొద్దుట్నుంచీ రక్తం పోతోంది. మా అమ్మకి చెప్పకు, ఏడుస్తుంది."

"మీ ఎదురింటక్క పెద్దమనిషయిందన్నారుగా, అదేమోనే?"

"పెద్దమనిషంటే మా తాతయ్యలాగానే! నేను చూడు, ఇంతే ఉన్నా."

గుసగుసలే అయినా టీచరు చెవిన పడ్డాయి. ఈ పసిది పొద్దుట్నుంచీ చావు కోసం ఎదురుచూస్తూ లెక్కలు చేసిందా?

అప్పుడే గోడ అందుకుంది. "భయపడకండి పిల్లలూ. ఇది జబ్బు కాదు. ఇది..."

గోడలోంచే ధడాలున తలుపు తెరుచుకున్న చప్పుడు. చెప్పుల చప్పుళ్లు. "ఆపండమ్మా! ఊళ్లో పెద్దమనుషులం చెబుతున్నాం!"

గోడ ఊరుకుంది. ఏటా అక్కడే ఆగేది. ఆనాడు ఆ పాఠం మొదలుపెట్టిన టీచరమ్మను మళ్లీ ఆ బడిలో ఎవరూ చూడలేదు. గోడ అక్కడ ఆగినందుకు ప్రతి ఏడూ హమ్మయ్య అనుకున్న సైన్సు టీచరుకి ఈసారి సిగ్గేసింది.

బుడంకాయ లేచి నిలబడింది. టీచరు వైపైనా చూడకుండా గోడనే అడిగింది. "ఇది ఏంటి? చెప్పవా?"

గోడ పలకలేదు.

"నెలసరి," అంది టీచరు. తన గొంతు తనకే కొత్తగా వినిపించింది. "నెలసరి అంటారమ్మా. నెలనెలా వస్తుంది, నాలుగైదు రోజులుండి ఆగిపోతుంది. నాకూ వస్తుంది. దీనివల్ల ఎవరూ చచ్చిపోరు, తల్లీ."

టీచరు తిప్పేసిన పేజీలు వెనక్కి తిప్పింది.

బుడంకాయ కళ్లు తుడుచుకుని పక్కకి చెయ్యి చాపింది. "ఏయ్, నా కాంపాస్ బాక్సు ఇటియ్యి. నేను చావట్లేదంట."