రాణిగారి వీపు

...పోనీ, సరిగ్గా ఆ ముక్కే బొద్దింకలు కొరికేసి ఉంటే? ముప్ఫై ఏళ్ల నాటి ఫిల్ము, పైగా మద్రాసు నుంచి ఓడలో ఉప్పుగాలి తిని వచ్చింది. రాణిగారు కోట మీంచి సముద్రంలోకి దూకే చోట తెగిపోయి, ఆవిడ ఆ కోట మీదే క్షేమంగా ఉండిపోతే ఎవరికి నష్టం?

దీవిలోని జంగ్లీఘాట్ రేవులో రెండు వెదుళ్లకు కట్టిన తెల్లగుడ్డ ముందు కూర్చుని, గురునాథం ఆ రాణిగారి క్షేమం కోరుకుంటున్నాడు. ఆ రాణి తనే కాబట్టి.

పూర్తిగా తనే కాదు. ముఖం ఒక నాజూకు అమ్మాయిది. ఆమెకు నీళ్లంటే భయం. అందుకని ఒడ్డున వల లాగుతున్న ఇరవయ్యేళ్ల గురునాథానికి చీర చుట్టి, జడ తగిలించి దూకమన్నారు. "వెనక్కి తిరిగావో, ఫిల్మంతా పాడు" అన్నాడు కెమెరా అయ్యగారు. తిరగలేదు. ఆ తర్వాత ఇంకో ఆరు బొమ్మల్లో ఆరుగురు ఆడవాళ్లయి దూకాడు, మునిగాడు, గుర్రం మీంచి పడ్డాడు. ఒక్కసారీ తిరగలేదు. ఈలోగా బొమ్మలకు మాటలొచ్చాయి. దూకే ఆడవాళ్లు పోయి పాడే ఆడవాళ్లు కావలసి వచ్చారు.

ఊరికొచ్చి గవరమ్మ తండ్రితో 'రాజు వేషాలు వేశాను' అన్నాడు. ఎందుకన్నాడు? నోరు రాణి అనబోయి దారిలో మనసు మార్చుకుంది, అంతే. ఆ రాజునే గవరమ్మ కట్టుకుంది. ఆ రాజుతోనే ఓడెక్కి ఈ దీవికి వచ్చింది. ఇప్పటికీ చేప తలకాయ అతని కంచంలోనే వేస్తూ "మారాజుకి" అంటుంది. ఆ మాట లేకుండా ఆ తలకాయ తన గొంతు దిగుతుందా?

"గూంగా భయ్యా, నీ రాజెప్పుడొస్తాడు?" పక్కింటి జోగులు అడిగాడు. మూగ సినిమాల్లో వేశానంటే, మూగవాడి వేషం అనుకుని దీవివాళ్లు పెట్టిన పేరది. ఇంత వాగే గూంగా దీవిలో మరొకడు లేడు.

గుడ్డ మీదికి రాజు వచ్చాడు. కోరమీసం, బానపొట్ట.

"ఈడేటి, నీ పోలికే లేదు?" అన్నాడు జోగులు.

"అప్పుడు ఎర్రగా ఉండేవోణ్ణిలే."

రాణి కోటెక్కింది. బొద్దింకలు మోసం చేశాయి. గుడ్డ నిండా వీపు, దాని మీద జడ. గురునాథం కాలివేళ్లు వాటంతటవే మట్టిని పట్టుకున్నాయి. రాణి దూకింది. ఆడవాళ్లంతా అయ్యో అన్నారు. గవరమ్మ మాత్రం మొగుడి వైపు తిరిగింది.

"మావా, అది నీ వీపు."

"ఏటే నువ్వు?"

"ఏటకెల్లేవోణ్ణి ఎనక పిలవకూడదు, నువ్వు తిరగకూడదు. ఇరవయ్యేడేళ్లు ఒడ్డున నిలబడి నాను చూసింది ఆ వీపే. తెప్పెక్కేటప్పుడు ఎడంభుజం దించుతావు. రాణమ్మా దించింది."

జోగులు చెవులు పెద్దవి. "దీదీ, గూంగా భయ్యా రాణీయా?" అని, బొమ్మలాడించేవాడి వైపు తిరిగాడు. "ఫిర్ సే చలావో, భయ్యా."

రేవంతా నవ్వింది. రీలు వెనక్కి చుట్టారు. రాణి మళ్లీ కోటెక్కుతోంది.

"మరి రాజన్నావు?" అంది గవరమ్మ.

"నోరు జారింది."

"ఇరవయ్యేడేళ్లు జారిందా?" కొంగు నోట్లో కుక్కుకున్నా ఆమె భుజాల్లో నవ్వు ఆగడం లేదు. "సరే. మారాణికి తలకాయ ఎయ్యాలో వద్దో మొగం చూసి చెప్తాను. ఆ గుడ్డ ముందుకెల్లు."

గురునాథం లేచాడు. మోకాళ్లు తేలిగ్గా ఉన్నాయి, నీళ్లలో ఉన్నట్టు. తెల్లగుడ్డ ముందుకు నడిచి, తువ్వాలు తల మీద ముసుగు వేసుకుని, జనానికి వీపు పెట్టి నిలబడ్డాడు. రాణి వీపు అతని వీపు మీద పడింది. తిరగకు, అంటున్నాడు కెమెరా అయ్యగారు, ముప్ఫై ఏళ్ల అవతల నుంచి.

ఎడంభుజం దించి, తిరిగాడు.